హిందీ సినిమా హీరో పట్టిన గంజాయి లారీ కేసు మన హైవే మీద పడితే నిలుస్తుందా?

ప్రశ్న క్లుప్తంగా ఇది: "మాది కావలి. హిందీలో ఒక నిజాయితీ గల పోలీసాఫీసరు సినిమా చూశాం. ఇన్ఫార్మర్ ఫోన్ చేయగానే హీరో ఒక్కడే జీపేసుకొని వెళ్లి అర్ధరాత్రి హైవే మీద లారీ ఆపుతాడు. కత్తితో బస్తా చీరి గంజాయి వాసన చూస్తాడు. డ్రైవర్‌ని చావబాది సరుకు ఎవరిదో చెప్పిస్తాడు. చివరికి ఆ యజమానిని కాల్చేస్తాడు. ఇదే కథ టంగుటూరు టోల్‌గేటు దగ్గర జరిగినట్టు షార్ట్‌ఫిల్మ్ తీద్దామనుకుంటున్నాం. నిజంగా ఇలా పడితే కోర్టులో కేసు నిలుస్తుందా?"

నిలవదు. మీ హీరో చేసిన ప్రతి పనీ ముద్దాయి వకీలుకు పనికొచ్చేదే. నిజాయితీ గల ఆఫీసరు కథే తీయాలనుకుంటే, అతని నిజాయితీ కనపడేది చేతి దెబ్బలో కాదు, రాతలో. ఆ రాత తెర మీద చప్పగా ఉంటుందని అనుకోకండి. ఎక్కడ ఏం రాయాలో, రాయకపోతే ఏం చెడుతుందో తెలిస్తే అందులోనే బోలెడంత ఉత్కంఠ ఉంది.

ఫోన్ కాల్‌తో మొదలుపెడదాం. మాదకద్రవ్యాల కేసులకు వర్తించే ఎన్‌డీపీఎస్ చట్టం 42వ సెక్షన్ ప్రకారం, అందిన సమాచారాన్ని ముందు కాగితం మీద పెట్టాలి. స్టేషన్ జీడీలో, అంటే జనరల్ డైరీలో, టైముతో సహా ఎంట్రీ పడాలి. ఆ కాపీ 72 గంటల్లోగా పై అధికారికి చేరాలి. ఇన్ఫార్మర్ పేరు రాయనక్కర్లేదు, చెప్పమని కోర్టు కూడా బలవంతం చేయదు. సోదా చీకటి పడ్డాక అయితే, వారెంటు తెచ్చేలోగా సరుకు చేయి దాటిపోతుందని ఎందుకు నమ్మాడో ఆ కారణం కూడా రాయాలి. రోడ్డు మీదే కదా ఆపింది, బహిరంగ స్థలమే కదా, 42 ఎందుకని చాలామంది అడుగుతారు. రోడ్డు మీద ఆగిన ప్రైవేటు బండి బహిరంగ స్థలం కిందికి రాదని సుప్రీంకోర్టు 2021లో బూటా సింగ్ కేసులో చెప్పి, 42ని అసలు పాటించలేదన్న కారణంగా ముద్దాయిల్ని వదిలేసింది. కాబట్టి మీ సినిమాలో జీపు స్టార్టయ్యే ముందు ఒక నిమిషం షాట్ పెట్టండి: ఎస్ఐ నిలబడే జీడీలో రాస్తుంటాడు, స్టేషన్ రాతకోతలు చూసే రైటర్ గోడ గడియారం చూసి టైము చెబుతుంటాడు.

రెండోది, హీరో ఒక్కడే వెళ్లకూడదు. సోదా దగ్గరుండి చూసి సంతకం పెట్టే సాక్షులు, మన దగ్గర మధ్యవర్తులు అంటాం, వాళ్లు కావాలి. వాళ్లను పిలిచినట్టు రాతపూర్వక లేఖ ఉండాలి. సాధారణంగా మండలం నుంచి ఇద్దరు వీఆర్వోలను పిలుస్తారు. ప్రభుత్వ ఉద్యోగి అయితే మూడేళ్ల తర్వాత సాక్ష్యానికి పిలిచినా దొరుకుతాడు, మాట మార్చడని నమ్మకం. అదే టోల్‌గేటు పక్కన టీ కొట్టతన్ని పట్టుకొచ్చి సంతకం పెట్టిస్తే, కోర్టులో 'తెల్ల కాగితం మీద పెట్టమంటే పెట్టాను సార్' అనేస్తాడు. అక్కడికి కేసు సగం పోయినట్టే.

డ్రైవర్, క్లీనర్ జేబులు వెతకాలంటే 50వ సెక్షన్ ఉంది. గజిటెడ్ ఆఫీసరు ముందు గానీ, మేజిస్ట్రేట్ ముందు గానీ సోదా కోరుకునే హక్కు వాళ్లకుందని చెప్పాలి. ఇద్దరికీ కలిపి ఒకేసారి చెబితే చెల్లదు, విడివిడిగా చెప్పాలని 2014లో పరమానంద్ కేసులో సుప్రీంకోర్టు తేల్చింది. తహసీల్దారుని పిలిపించడం ఇక్కడి ఆనవాయితీ. లారీకీ బస్తాలకీ 50 వర్తించదు, ఒంటి మీద సోదాకే. ఇది తెలియక కొందరు రచయితలు లారీ తలుపు తీయడానికి కూడా మేజిస్ట్రేట్ కోసం ఎదురుచూసే సీను రాస్తారు, అక్కర్లేదు.

ఇక అసలు కిటుకంతా ఉన్నది తూకంలో. ఇక్కడ కెమెరా దగ్గరికి తీసుకెళ్లండి.

లారీలో పైన కొబ్బరికాయలో, ఉల్లిపాయల బస్తాలో ఉంటాయి. అడుగున రెండేసి కిలోల పొట్లాలు, ఖాకీ రంగు టేపు చుట్టినవి. 65 పొట్లాలు అనుకుందాం, అంటే 130 కిలోలు. గంజాయిలో 20 కిలోలు దాటితే వాణిజ్య పరిమాణం, శిక్ష పదేళ్ల నుంచి ఇరవై ఏళ్లు, జరిమానా లక్ష నుంచి రెండు లక్షలు. అందుకే తూకం మీదే వకీలు కన్నుంటుంది. టేపుతో సహా తూశారా, టేపు విప్పి తూశారా? గోనె బస్తా బరువు తీసేశారా? ఇంకోటి, చట్టం లెక్కలో గంజాయి అంటే మొక్క మొత్తం కాదు, పూత గానీ కాయ గానీ ఉన్న కొసలు. కొసలు లేకుండా విడిగా ఉన్న ఆకులు, గింజలు లెక్కలోకి రావు. 130 కిలోల కేసులో ఈ వాదన పెద్దగా పనిచేయదు. 22 కిలోల కేసులో మాత్రం రెండు కిలోల కాడలు, ఆకులు తీసేస్తే శిక్షే మారిపోతుంది. పొట్లం పొట్లానికి నంబరు వేసి, ఎలక్ట్రానిక్ కాటా అంకె కనపడేలా ఫోటో తీసి, ఒక్కొక్క తూకం మధ్యవర్తుల రిపోర్టులో రాయాలి. ఎందుకంటే గంజాయిలో తేమ ఉంటుంది. కొన్ని నెలలు స్టేషన్ గదిలో ఉంటే ఆరి బరువు తగ్గుతుంది. ఆనాటి ఫోటో లేకపోతే, తగ్గిన ఆ కిలోలు పోలీసులే అమ్ముకున్నారనే మాట కోర్టులో వస్తుంది.

ఇదంతా ఇప్పుడు వీడియో కూడా తీయాలి. 2024 జులై 1 నుంచి సీఆర్‌పీసీ స్థానంలో అమల్లోకి వచ్చిన బీఎన్ఎస్ఎస్ 105వ సెక్షన్ ప్రకారం సోదా, స్వాధీనం, జాబితా రాయడం, సాక్షులు సంతకాలు పెట్టడం దాకా ఆడియో, వీడియో రికార్డు కావాలి, అది ఆలస్యం లేకుండా మేజిస్ట్రేట్‌కు వెళ్లాలి. దీనికోసం ఈ-సాక్ష్య యాప్ ఉంది. రాత్రి పూట ఫోన్ చార్జింగ్ అయిపోవడం, టార్చి వెలుతురు చాలక కాటా అంకె మసకగా పడటం, గాలికి మాట వినపడకపోవడం మామూలే. మంచి ఎస్ఐ పవర్‌బ్యాంకు, ఎల్ఈడీ లైటు, కాటాకు అదనపు బ్యాటరీలు, లక్క, కొవ్వొత్తి, గుడ్డ సంచులు, నంబరు చీటీలు బండిలో సిద్ధంగా పెట్టుకుంటాడు. ఈ సామాను సంచీ మీ హీరో చేతిలో తుపాకీ కంటే బాగుంటుంది.

కత్తితో బస్తా చీరి వాసన చూసే షాట్ తీసేయండి. అక్కడ ఫీల్డ్ కిట్‌తో పరీక్ష చేసి, పొట్లాలు సీలు చేయాలి, అంతే. నమూనాలు తీయడం మేజిస్ట్రేట్ ఎదుట జరగాలి, అది 52ఏ సెక్షన్. 2022 నాటి నిబంధనల ప్రకారం గంజాయి నమూనా ఒక్కోటి 24 గ్రాములు, రెండు ప్రతులు. ఒకే రకం పొట్లాలైతే 40 చొప్పున ఒక లాటుగా కలపవచ్చు. మన 65లో 40 ఒక లాటు, 25 ఇంకో లాటు. ఒక్కో లాటులోని అన్ని పొట్లాల నుంచీ సమానంగా తీసి కలిపి నమూనా చేయాలి. మొత్తం నాలుగు నమూనాలు, 96 గ్రాములు. రోడ్డు మీదే తీసిన నమూనాలతో నడిచిన కేసును సుప్రీంకోర్టు 2023లో సిమరన్‌జిత్ సింగ్ తీర్పులో కొట్టేసింది. 52ఏలో లోపం ఉన్నంత మాత్రాన కేసు దానంతటదే పోదని, మిగతా సాక్ష్యం గట్టిగా ఉంటే చూడవచ్చని 2025లో భరత్ ఆంబాలే తీర్పు చెప్పింది. అయినా దాన్ని నమ్ముకుని ఏ పీపీ (ప్రభుత్వ వకీలు) నిద్రపోడు.

డ్రైవర్‌ని కొట్టే సీను గురించి కాస్త గట్టిగానే చెబుతాను. పోలీసు ముందు ఒప్పుకున్న నేరం సాక్ష్యం కాదు, భారతీయ సాక్ష్య అధినియం 23వ సెక్షన్. అతను చెప్పిన చోట నిజంగా వస్తువు దొరికితే, ఆ దొరకడానికి సంబంధించిన ముక్క వరకే లెక్క. ఒప్పించడానికి కొట్టడం మళ్లీ నేరమే, ఐపీసీ స్థానంలో వచ్చిన బీఎన్ఎస్ 120 కింద ఏడేళ్ల దాకా శిక్ష ఉంది. రిమాండుకు తెచ్చినప్పుడు దెబ్బలేమైనా ఉన్నాయా, పోలీసులు కొట్టారా అని మేజిస్ట్రేట్ అడుగుతారు, వైద్య పరీక్ష కాగితం చూస్తారు. వీపు మీద వాత ఒకటి కనిపిస్తే చాలు, 130 కిలోల కేసు కాస్తా పోలీసుల మీద కేసుగా తిరుగుతుంది.

హిందీలో ఈ విషయం సూటిగా చూపించిన సినిమా ఉంది: 1983లో గోవింద్ నిహలానీ తీసిన అర్ధ్ సత్య. అందులో నిజాయితీ గల ఎస్ఐ కొట్టిన దెబ్బలకు కస్టడీలో మనిషి చనిపోతాడు, దాంతో అతను సస్పెండ్ అవుతాడు. తర్వాత వచ్చిన వాటిలో చాలా వరకు మన దక్షిణాది కథలే: విక్రమార్కుడు (2006) రౌడీ రాథోడ్ (2012) అయింది, టెంపర్ (2015) సింబా (2018) అయింది. ఆ అచ్చులో ఇంకొకటి తీయడం కంటే అర్ధ్ సత్య దారిలో నడవమనే చెబుతాను.

యజమాని దాకా వెళ్లాలంటే దెబ్బలక్కర్లేదు. ఫాస్టాగ్ రికార్డు, టోల్‌గేట్ల సీసీ కెమెరాలు, డ్రైవర్ ఫోన్ కాల్ వివరాలు, బండి ఆర్‌సీ, లోడింగ్ బిల్లు, డీజిల్ కొట్టించిన డబ్బు ఏ ఖాతా నుంచి వచ్చిందో, ఇవన్నీ ఉన్నాయి. లారీ టంగుటూరులో ఆగితే అంతకుముందు దాటిన గేట్లన్నిటికీ అదే రోజు లెటర్ పోవాలి, ఆలస్యమైతే పాత ఫుటేజీ మీద కొత్తది పడిపోతుంది. తెచ్చిన ఫుటేజీకి సాక్ష్య అధినియం 63వ సెక్షన్ సర్టిఫికెట్, హ్యాష్ విలువతో (ఫైలు మారలేదని చూపే కోడ్) సహా జతచేయాలి. అది లేకపోతే పెన్‌డ్రైవ్ ఎందుకూ పనికిరాదు.

అరెస్టు కాగితంలో కారణాలు రాసి ఇవ్వాలి, అతనికి అర్థమయ్యే భాషలో. డ్రైవర్ తమిళుడైతే తెలుగు కాగితం చాలదు. వెంటనే ఇవ్వడం కుదరకపోతే రిమాండుకు హాజరుపరిచే కనీసం రెండు గంటల ముందైనా చేతికివ్వాలని సుప్రీంకోర్టు 2025లో చెప్పింది. ఇంట్లో వాళ్లకు కబురు చేయాలి. ప్రయాణ సమయం పోను 24 గంటల్లో మేజిస్ట్రేట్ ముందుంచాలి. అరెస్టు, స్వాధీనం వివరాలతో 48 గంటల్లో పై అధికారికి ఎన్‌డీపీఎస్ 57వ సెక్షన్ రిపోర్టు వెళ్లాలి. మాదకద్రవ్యాల కేసులో బేడీలు వేయడానికి బీఎన్ఎస్ఎస్ వీలిచ్చింది, కాబట్టి ఆ షాట్ ఉంచుకోవచ్చు. ఇంత చేసినా 180 రోజుల్లో ఛార్జిషీటు పడకపోతే, కోర్టు గడువు పెంచకపోతే, ముద్దాయి డిఫాల్ట్ బెయిల్ (గడువు దాటినందుకు హక్కుగా వచ్చే బెయిల్) మీద బయటికొస్తాడు.

చివర్లో కాల్చేయడం: 2014లో పీయూసీఎల్ అనే పౌరహక్కుల సంఘం కేసులో సుప్రీంకోర్టు తీర్పు ప్రకారం ఎన్‌కౌంటర్‌లో మనిషి చనిపోతే ఎఫ్ఐఆర్ పడాలి, సీఐడీ గానీ వేరే స్టేషన్ బృందం గానీ దర్యాప్తు చేయాలి, మేజిస్ట్రేట్ విచారణ జరగాలి, ఆఫీసరు తన ఆయుధం పరీక్షకు అప్పగించాలి. ఆ వెంటనే పతకాలు, ప్రమోషన్లు ఇవ్వకూడదు. మీ హీరో మెడలో దండ వేసే సీనుకు చోటు లేదు.

వేషభాషలు కూడా చూసుకోండి. హిందీ డబ్బింగ్ ప్రభావంతో 'ఏసీపీ సాబ్', 'థానా' అని రాయకండి. నెల్లూరు, ప్రకాశం జిల్లాల్లో కమిషనరేట్ లేదు, జిల్లాకు ఎస్పీ ఉంటారు, కింద డీఎస్పీ, సీఐ, ఎస్ఐ. ఎస్ఐకి భుజం మీద రెండు నక్షత్రాలు, ఎరుపు నీలం రిబ్బను. సీఐకి మూడు నక్షత్రాలు, రిబ్బను. డీఎస్పీకి మూడు నక్షత్రాలే, రిబ్బను ఉండదు. షార్ట్‌ఫిల్మ్‌ల్లో ఎక్కువగా తప్పు పోయేది ఇక్కడే. హైవే మీద యూనిఫాంలో బండ్లు ఆపుతూ తీస్తే జనం నిజమనుకుంటారు. పర్మిషన్ కాగితం చేతిలో ఉంచుకోండి, స్థానిక స్టేషన్‌కు చెప్పండి. టోల్‌గేటు దగ్గర కాకుండా లోపలి రోడ్డు మీద, కొత్తపట్నం వైపు లాంటి చోట తీస్తే మీకూ ప్రమాదం తక్కువ.

క్లైమాక్సుకు నా సూచన కోర్టు సీను. మూడేళ్ల తర్వాత వీఆర్వో బోనెక్కుతాడు. వకీలు అడుగుతాడు: 'ఆ రాత్రి కాటా ఎవరు తెచ్చారు? సీలు మీద ఏ అక్షరాలున్నాయి? పదిహేడో పొట్లం తూకం ఎంత?' వీఆర్వో తడబడతాడు. పీపీ లేచి వీడియో ప్లే చేయమంటాడు. తెర మీద ఎస్ఐ ముఖం కనపడదు, కాటా మీద వెలిగే అంకె, పక్కన పదిహేడు అని రాసిన చీటీ కనపడతాయి.