ల్యాబ్‌లో గేమ్స్ కోసం ప్రాక్సీ పెట్టిన మా చింటూకి

చింటూ,

స్కూల్లో బ్లాక్ చేసిన గేమ్స్ క్లాసంతా ఆడుకునేలా నువ్వొక ప్రాక్సీ ఎక్స్‌టెన్షన్ (బ్రౌజర్‌కి తగిలించే చిన్న ప్రోగ్రామ్) వెతికి లింకు పంచావని మీ అమ్మ ఫోన్‌లో చెప్పింది. తొమ్మిదో తరగతికే సైట్లను అడ్డుకునే ఫైర్‌వాల్ సంగతి పట్టేశావని గర్వంగానే ఉంది బిడ్డా. రాత్రి మాత్రం నిద్ర పట్టలేదు.

సార్ పాఠం చెబుతుంటే ఆడకూడదని నీకు తెలుసు.

సార్‌కి దొరికిపోతావని కాదు నా భయం. దిల్‌సుఖ్‌నగర్‌లో ఒక స్కూలు ల్యాబ్ చూసుకునే రోజుల్లో నీలాంటి చురుకైన పిల్లాడే ఒకడుండేవాడు. గేమ్స్ తెరుస్తామన్న ఒక సైట్ వాడినీ ఇలాగే ఎక్స్‌టెన్షన్ వేసుకోమంది. అన్ని వెబ్‌సైట్లలో మీ డేటాను ఇది చదవగలదు, మార్చగలదు అని బ్రౌజర్ చెబుతూనే ఉంది. వాడు చదవకుండా నొక్కేశాడు. ఇంట్లోనూ అదే వేశాడు. ఆ బ్రౌజర్‌లోనే వాళ్లమ్మ మెయిల్ చూసుకునేది. కొన్నాళ్లకు ఆమె పేరుతో చుట్టాలందరికీ డబ్బు పంపమని మెయిల్స్ వెళ్లాయి. ఆమె మేనమామ, పెద్దాయన, నిజమే అనుకుని పంపేశాడు కూడా. ఆ పిల్లాడు నా టేబుల్ దగ్గర నిలబడి, ఐడీ కార్డు తాడు వేలికి చుట్టుకుంటూ "గేమ్ కోసమే కదా మేడం వేసుకున్నా" అన్నాడు. తిట్టడానికి నాకు నోరు రాలేదు.

ప్రాక్సీ అంటే నీ ఉత్తరాలన్నీ ముక్కూ మొహం తెలియనివాడి చేతికిచ్చి పంపడమే. సర్వర్ ఖర్చు భరించి వాడు ఊరికే ఎందుకు నడుపుతాడు? పైగా నీ మాట నమ్మి క్లాసంతా అందులో పాస్‌వర్డ్‌లు కొడుతుంది. అది తలచుకుంటేనే నాకు టెన్షన్.

ఈరోజే అది తీసెయ్. నీ పాస్‌వర్డ్ ల్యాబ్‌లో కాదు, అమ్మ ఫోన్‌లో మార్చు. పాత గేమ్స్ నడిపిన ఫ్లాష్ ప్లేయర్ వేసుకోమని ఏ సైట్ అడిగినా బయటికొచ్చెయ్. దాన్ని అడోబీ 2020 చివర్లోనే ఆపేసింది.

2048 గేమ్ ఉంది కదా, గాబ్రియేలే చిరుల్లి అనే ఇటలీ కుర్రాడు 2014లో, పందొమ్మిదేళ్లప్పుడు రాశాడు. కోడ్ అందరికీ ఇచ్చేశాడు. సార్‌ని అడిగి ఆ ఫైళ్లు ల్యాబ్‌లో పెట్టించుకుంటే నెట్ లేకుండానే ఆడొచ్చు. ఆదివారం ల్యాప్‌టాప్ తీసుకుని కొత్తపేటకి రా, ఆ కోడ్ విప్పి చూద్దాం. నువ్వు మార్చి రాసిన గేమ్ మీ క్లాసు ఆడితే నాకెంత సంతోషమో!

ఆ లింకు వాడొద్దని నీ స్నేహితులకు మాత్రం ఆదివారం దాకా ఆగకుండా నువ్వే చెప్పు. సిగ్గనిపిస్తే ఫోన్ చెయ్, నేను మాట్లాడతాను.

మీ పెద్దమ్మ