కేటగిరీ తగ్గిందని కొలువు వదిలేయాలా?

ప్రశ్న: మా పెద్దబ్బాయి సైన్యంలో ఆర్టిలరీ నాయక్. పన్నెండేళ్ల సర్వీసు నిండింది. యూనిట్‌లో పరుగు పరీక్ష రోజున మోకాలు మడతపడి లిగమెంట్ తెగింది, ఆపరేషన్ చేశారు. తర్వాత పర్మినెంట్ లో మెడికల్ కేటగిరీ (శాశ్వతంగా తగ్గించిన ఆరోగ్య శ్రేణి) ఇచ్చారు. తోటివాళ్లు నాయక్ పై ర్యాంకైన హవల్దార్ ప్రమోషన్ శిక్షణకు (క్యాడర్‌కు) వెళ్లారు, వీడిని పంపలేదు. "ఇక ప్రమోషన్ రాదమ్మా, అన్‌విల్లింగ్ రాసిచ్చి వచ్చేస్తాను, విశాఖలో సెక్యూరిటీ ఉద్యోగమైనా చేసుకుంటాను" అంటున్నాడు. చిన్నవాడు అగ్నివీర్‌కు తయారవుతున్నాడు. వాడినీ ఆపేయమంటారా? – ఒక తల్లి, ఆమదాలవలస

జవాబు: అమ్మా, ముందుగా అబ్బాయికి ఫోను చేసి ఏ కాగితం మీదా సంతకం పెట్టవద్దని చెప్పండి. మిగతా సంగతులు ఆ తర్వాత.

లో మెడికల్ కేటగిరీలో ఉన్న జవాన్‌ను తేలికపాటి పనిలో కొనసాగడానికి సమ్మతమేనా అని యూనిట్ రాతపూర్వకంగా అడుగుతుంది. స్టోరు, ఆఫీసు లాంటి చోట్ల ఇచ్చే ఆ పనిని షెల్టర్డ్ అపాయింట్‌మెంట్ అంటారు. విల్లింగ్ అని రాస్తే, అలాంటి పని ఉన్నంతవరకు సర్వీసులో కొనసాగే వీలుంటుంది. అన్‌విల్లింగ్ అని రాస్తే తన ఇష్టప్రకారమే వెళ్లిపోయినట్టు లెక్కగట్టే ప్రమాదం ఉంది. కోపంలో రెండు నిమిషాల్లో పెట్టే ఆ సంతకం పన్నెండేళ్ల కష్టాన్ని తుడిచేయవచ్చు.

ఎలాగంటే, జవాన్లకు సర్వీసు పింఛను రావాలంటే కనీసం 15 ఏళ్లు నిండాలి. పన్నెండేళ్లకే సొంత కోరికపై వచ్చేస్తే అది రాదు. దానికన్నా పెద్ద దెబ్బ మరొకటి ఉంది. మాజీ సైనికుడన్న గుర్తింపు కూడా దక్కదు. పింఛను సంపాదించుకుని వచ్చినవాళ్లకు, సర్వీసు వల్ల కలిగిన వైకల్యంతో సైన్యమే పంపించగా పింఛను పొందుతున్నవాళ్లకు ఆ గుర్తింపు ఉంటుంది. మధ్యలో తనంతట తాను వచ్చేసినవాడికి ఉండదు. కేంద్ర ప్రభుత్వ గ్రూప్ సి ఉద్యోగాల్లో 10 శాతం, బ్యాంకులు, ప్రభుత్వ రంగ సంస్థల్లో అదే స్థాయి ఉద్యోగాల్లో 14.5 శాతం, మన రాష్ట్ర నియామకాల్లో 2 శాతం మాజీ సైనికుల కోటా ఉన్నాయి. ఇవన్నీ ఆ గుర్తింపు ఉన్నవాళ్లకే. అబ్బాయి చెబుతున్న సెక్యూరిటీ ఉద్యోగంలో కూడా పునరావాస డైరెక్టరేట్ ద్వారా నడిచే మంచి పోస్టులు మాజీ సైనికులకే వెళతాయి. మూడేళ్లు ఓపిక పడితే చేతికి వచ్చేదాన్ని ఇప్పుడు వదులుకోవడం నాకు అసలు సమ్మతం కాదు.

ఇప్పుడు కేటగిరీ సంగతి. సైన్యంలో ఆరోగ్యాన్ని షేప్ అనే ఐదు అంశాల్లో చూస్తారు: మానసిక స్థితి, వినికిడి, కాళ్లూ చేతులూ, శరీర దారుఢ్యం, కంటిచూపు. ఒక్కోదానికి ఒకటి నుంచి ఐదు వరకు గ్రేడ్లు ఉంటాయి. అన్నిట్లో ఒకటి ఉంటే షేప్-1, అంటే ఎక్కడికైనా పంపవచ్చు. మోకాలు మూడో అంశంలోకి వస్తుంది. మొదట 24 వారాల చొప్పున తాత్కాలిక కేటగిరీ ఇస్తారు. ఆలోగా కుదుటపడకపోతే పర్మినెంట్ చేస్తారు. పర్మినెంట్ అన్నా కథ అక్కడితో అయిపోదు. సాధారణంగా రెండేళ్లకోసారి మళ్లీ వైద్య బోర్డు కూర్చుంటుంది. మోకాలు బాగుపడితే కేటగిరీ పెరుగుతుంది, షేప్-1కు తిరిగి వచ్చినవాళ్లూ ఉంటారు. లిగమెంట్ ఆపరేషన్ అయినవాళ్లలో తొడ కండరం సన్నబడిందా, మోకాలు నిలకడగా ఉందా అన్నవి డాక్టర్లు ముఖ్యంగా చూస్తారు. ఫిజియోథెరపీ మధ్యలో ఆపేసినవాళ్లు దెబ్బతినేది అక్కడే. కాబట్టి వచ్చే బోర్డు తేదీ కనుక్కుని, ఇప్పటి నుంచే వ్యాయామం మొదలుపెట్టమనండి. సెలవులో ఉన్నప్పుడు ఆగిపోకుండా విశాఖలోని నౌకాదళ ఆసుపత్రి ఐఎన్‌హెచ్‌ఎస్ కల్యాణిలో చూపించుకోవచ్చు.

ప్రమోషన్‌కు షేప్-1 అన్నది మూలసూత్రం. మినహాయింపులు లేకపోలేదు. అవి ర్యాంకు, ట్రేడు, కేటగిరీ తీవ్రత, గాయం ఏ పరిస్థితిలో అయింది అన్నవాటిని బట్టి మారుతాయి. శత్రువుతో పోరులో గాయపడినవాళ్లను బ్యాటిల్ క్యాజువాలిటీ అంటారు, వాళ్ల విషయంలో నిబంధనలు ఉదారంగా ఉంటాయి. మీ అబ్బాయిది యూనిట్‌లో జరిగిన గాయం కనుక అది ఫిజికల్ క్యాజువాలిటీ కిందికి వస్తుంది. రెండూ ఒకటి కావు. ఊళ్లో ఎవరో పోరులో గాయపడి హవల్దార్ అయ్యాడు కదా అని పోల్చుకుంటే ఆశ పెరుగుతుంది, తర్వాత గుండె పగులుతుంది. తన ట్రేడుకు, తన కేటగిరీకి ఏ ఉత్తర్వు వర్తిస్తుందో హెడ్ క్లర్కును అడిగి చూడాలి. అక్కడ తేలకపోతే నాసిక్ రోడ్డులోని ఆర్టిలరీ రికార్డ్స్ కార్యాలయానికి యూనిట్ ద్వారా రాయించాలి. నోటిమాటగా వచ్చిన జవాబుతో ఊరుకోవద్దు.

అసలు చాలామంది పోగొట్టుకునేది మరోచోట. కేటగిరీ తగ్గగానే మిగతా అర్హతల మీద కూడా ఆశ వదిలేస్తారు. హవల్దార్ కావాలంటే మెడికల్ ఒక్కటే సరిపోదు. నిర్ణీత ఆర్మీ విద్యా సర్టిఫికెట్, మ్యాప్ రీడింగ్, ప్రమోషన్ క్యాడర్, శారీరక పరీక్షలు, శుభ్రమైన క్రమశిక్షణ రికార్డు, ఖాళీ, సీనియారిటీ అన్నీ కుదరాలి. హవల్దార్ తర్వాత వచ్చే నాయబ్ సుబేదార్ మెట్టు దగ్గర ఏటేటా రాసే రహస్య నివేదికలు కూడా లెక్కలోకి వస్తాయి. రేపు బోర్డు కేటగిరీ పెంచినా, విద్యా సర్టిఫికెట్ లేదని ఆగిపోతే ఆ తప్పు ఎవరిది? మోకాలు బాగాలేనివాడికి చదువుకోవడానికి అడ్డేముంది? తేలిక డ్యూటీలో ఉన్న ఈ రోజులే మ్యాప్ రీడింగ్‌కు కూర్చోవడానికి మంచి అదను. ఈ పరీక్షల్లో ఏది పాసయినా అది సర్వీసు వివరాలు ఎక్కించే పార్ట్-2 ఆర్డరులో నమోదైందో లేదో స్వయంగా చూసుకోమనండి. నమోదు కాని అర్హత ఉన్నా లేనట్టే.

1971 యుద్ధంలో గూర్ఖా రైఫిల్స్ అధికారి ఇయాన్ కార్డోజో మందుపాతర మీద కాలు వేసి కాలు పోగొట్టుకున్నారు. కృత్రిమ కాలుతో శారీరక పరీక్షలు నెగ్గి, తర్వాత బెటాలియన్‌కు, బ్రిగేడ్‌కు నాయకత్వం వహించి, మేజర్ జనరల్‌గా రిటైరయ్యారు. ఆయన అధికారి, ఆయనది యుద్ధ గాయం. మీ అబ్బాయికి అదే దారి దొరుకుతుందని నేను చెప్పడం లేదు. కానీ పరీక్షకు సిద్ధంగా నిలబడినందువల్లే ఆయనను కాదనలేకపోయారన్నది అబ్బాయి తెలుసుకోవాలి.

జీతం బాధ కొంత తీరే మార్గం ఉంది. ప్రమోషన్లు రానివాళ్లకు ఎంఏసీపీ పథకంలో 8, 16, 24 ఏళ్ల సర్వీసుకు పై స్థాయి జీతం ఇస్తారు. అయితే వచ్చిన ప్రమోషన్‌ను తానే వద్దని రాసిచ్చినవాడికి ఆ ప్రయోజనం అందకుండా పోవచ్చు. అన్‌విల్లింగ్ అన్న మాటంటేనే నాకు భయం అందుకే.

ఊరికి వచ్చినప్పుడు రామమందిరం అరుగు మీద ఎవరో ఒకరు "ఇంకా నాయకేనా?" అని అడుగుతారు. మన శ్రీకాకుళం పల్లెల్లో ఫౌజీ భుజం మీది పట్టీలు లెక్కపెట్టే పెద్దలకు కొదవ లేదు. అబ్బాయి తొందరపాటు వెనక ఆ మాట కూడా ఉండి ఉంటుంది. ఇంట్లోనైనా ఆ ప్రశ్న రాకుండా చూడండి తల్లీ.

గాయం కాగితాలు పోగేసుకోవడం చాలా ముఖ్యం. గాయమైనప్పుడు ఐఏఎఫ్‌వై-2006 అనే ఇంజ్యురీ రిపోర్టు రాస్తారు. డ్యూటీలో జరిగిందని అందులో ఉందా? కోర్ట్ ఆఫ్ ఎంక్వైరీ (సైనిక విచారణ) జరిగి ఉంటే దాని ఫలితం ఏమిటి? ప్రతి బోర్డు కాగితంలో సర్వీసు వల్లే అని రాశారా, కాదని రాశారా? రిటైరయ్యే ముందు జరిగే రిలీజ్ మెడికల్ బోర్డులో ఇవే మాట్లాడతాయి. గాయం సర్వీసు వల్ల అయిందని తేలి, వైకల్యం 20 శాతానికి తగ్గకుండా ఉంటేనే పింఛనుకు తోడు వైకల్య సాయం అడగడానికి వీలు. ఇరవై ఏళ్ల తర్వాత వెతికితే ఆ కాగితాలు దొరకవు.

యూనిట్టే పంపించేస్తే ఎలా అని మీకు భయం ఉండవచ్చు. ఆరోగ్య కారణంతో పంపాలంటే సర్వీసుకు పనికిరారని తేల్చే ఇన్వాలిడింగ్ మెడికల్ బోర్డు పెట్టాల్సిందేనని 2008లో రాజ్‌పాల్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు చెప్పింది. అన్యాయం జరిగిందనిపిస్తే ఆర్మీ చట్టం 26వ సెక్షన్ కింద ఫిర్యాదు చేయవచ్చు. అక్కడా తేలకపోతే ఆంధ్రప్రదేశ్ వారికి సాయుధ దళాల ట్రిబ్యునల్ చెన్నై బెంచి ఉంది. తుది ఉత్తర్వు వచ్చిన ఆరు నెలల్లోపు వెళ్లాలి. 2016 నాటి వికలాంగుల హక్కుల చట్టం ప్రమోషన్ ఆపనివ్వదని ఎవరైనా చెబితే నమ్మవద్దు. ఉద్యోగ రక్షణ ఇచ్చే 20వ సెక్షన్ నుంచి సైన్యంలోని పోరాట సిబ్బందిని కేంద్రం 2021 ఆగస్టు 18న మినహాయించింది.

చిన్నబ్బాయిని ఆపవద్దు. అన్నయ్య చిక్కులు అతనికి ఇప్పుడే వర్తించవు. అగ్నివీర్ నాలుగేళ్ల కొలువు, అందులోంచి 25 శాతం వరకు రెగ్యులర్‌లోకి తీసుకుంటారు. సర్వీసు వల్ల వైకల్యం వస్తే దాని శాతం 50, 75, 100 అయినదాన్ని బట్టి 15, 25, 44 లక్షల పరిహారం ఉంది కానీ పింఛను లేదు. ఈ లెక్క ఇంట్లో అందరూ తెలుసుకునే పంపండి. తెల్లవారుజామున హైవే సర్వీసు రోడ్డు మీద పరుగెత్తే పిల్లల్లో అతనూ ఉంటే, తారు వదిలి మట్టి నేల మీద సాధన చేయమనండి. డిగ్రీకి దూరవిద్యలోనైనా పేరు నమోదు చేయించండి, నాలుగేళ్లకు తిరిగి వచ్చినా చేతిలో పట్టా ఉంటుంది. మోకాలు నొప్పి పెడితే దాచుకోకుండా ర్యాలీకి ముందే ఎముకల డాక్టరుకు చూపించండి.