పాత చీటీ మీద కొత్త చీటీ అంటించకు

బుజ్జీ,

నిన్న రాత్రి మీ అమ్మ ఫోన్ చేసి అరగంట ఏడ్చింది. "ఉద్యోగం మానేసి ఆట తయారు చేస్తాడటక్కా, అదీ కాలం గురించట" అని. ఆ ఆట గురించి నువ్వు పంపిన ఫైలు అప్పటికే చదివేశానని దానికి చెప్పలేదు. కాలం గాడి తప్పిన చోట్లన్నీ ఒక కచేరీలో, అంటే ఆఫీసులో, నమోదవుతాయి, ఆ జాబితా చేతపట్టుకుని ఒక గుమాస్తా దారి వెతుక్కుంటూ పోతాడు. గుమాస్తా హీరో ఏమిట్రా! ముప్పై ఏళ్లు రికార్డు రూములో దుమ్ము పీల్చినదాన్ని, మీ పెదనాన్నకి రెండుసార్లు చదివి వినిపించాను. ఆయన రెండోసారి నిద్రపోయారనుకో.

ఏడాది అద్దె, తిండి ఖర్చు బ్యాంకులో పడ్డాకే రాజీనామా ఇవ్వు. రాత్రి రెండింటికి ఆ నూడుల్స్ మానెయ్.

ఇక పని సంగతి. వింతల కోసం బుర్ర బద్దలుకొట్టుకోకు, బోలెడు ఉన్నాయి. సమోవా దేశంలో 2011 డిసెంబరు 29 గురువారం రాత్రి పడుకున్నవాళ్లు శనివారం లేచారు. శుక్రవారం అసలు రానే లేదు. మన పంచాంగంలో ఏ సూర్యోదయాన్నీ తాకకుండా జారిపోయే తిథి ఉంది, రెండు సూర్యోదయాలను పట్టుకుని కూర్చునే తిథీ ఉంది. మీ పెద్ద మామయ్య 1944లో పుట్టాడు. జాతకం రాయిస్తుంటే పంతులుగారు మొదట అడిగింది "ఇది యుద్ధం టైమా?" అని. 1942 సెప్టెంబరు నుంచి 1945 అక్టోబరు నడిమి దాకా మన దేశంలో గడియారాలు గంట ముందుకు జరిపి నడిపారు. ఆ గంట తియ్యకపోతే లగ్నమే మారిపోయేదట. మామయ్య బుద్ధి మాత్రం ఏ లగ్నానికీ మారేది కాదు.

నీ గుమాస్తా ఒక తేదీల లెక్క నుంచి ఇంకో తేదీల లెక్కకి నేరుగా దూకుతున్నాడు. అలా దూకనివ్వకు. మన సిద్ధాంతులకి అహర్గణం అని ఒకటుంది. క్రీ.పూ. 3102లో కలియుగం మొదలైన రోజు నుంచి ఇది ఎన్నో రోజు అని ఒకే వరస లెక్క. నెలలు, అధిక మాసాలు, రాజులు ఎవరు మారినా ఆ అంకె ఒక్కొక్కటే పెరుగుతుంది. ఏ తేదీనైనా ముందు దానిలోకి దింపి, అక్కణ్ణుంచి ఎక్కించు.

ఇప్పుడు నేను చేసిన వెధవపని విను. మీ అమ్మకి కూడా తెలియదు.

1981లో హైదరాబాద్‌లో రికార్డు రూములో చేరాను. నిజాం కాలం నాటి కాగితాల బస్తాలు, గుడ్డలో చుట్టి, ఒక్కోదానికి ఉర్దూ చీటీ. ఉర్దూ చదివే పెద్దాయన అప్పుడే రిటైరయ్యాడు. అందరికీ అర్థమయ్యేలా ఇంగ్లీషు సంవత్సరాలు వెయ్యమన్నారు. నేను బాపట్ల పిల్లని, అది నిజాం రాజ్యం కాదు. ఫసలీ అంటే పన్నుల లెక్కల సంవత్సరం, దానికి 590 కలిపితే ఇంగ్లీషు సంవత్సరం, ఏడాది జులై 1న మొదలు, చిన్నప్పటి నుంచి మా నాన్న నోట విన్న లెక్క. అంతే, 1350 ఫసలీ అంటే 1940 జులై నుంచి 1941 జూన్ అని రాశాను. మైదా జిగురు కాచి, ముత్యాల్లాంటి అక్షరాలతో చీటీలు అంటించాను. ఎక్కడ? సరిగ్గా పాత ఉర్దూ చీటీల మీద! అందంగా ఉన్నాయని మెచ్చుకున్నారు కూడా.

1984లో ఒక ముసలాయన వచ్చాడు, చెప్పులు చేత్తో పట్టుకుని. పొలం కాగితం నకలు కావాలి. "వృష నామ సంవత్సరం, శ్రావణ మాసమమ్మా" అన్నాడు. 1941 ఆగస్టు అని లెక్కకట్టాను. అది తప్పు కాదు. నా లెక్కలో అది 1351 ఫసలీ, ఆ బస్తా దింపించి మొత్తం తిరగేశాను. లేదు. "లేదు తాతా" అన్నాను. మూడుసార్లు వచ్చాడు, మూడుసార్లూ అదే మాట. మూడోసారి కొంచెం విసుక్కున్నాను కూడా.

రెండేళ్ల తర్వాత జిగురుకి పురుగు పట్టి ఒక చీటీ ఊడింది. కింద అజూర్ అని ఉందట. అప్పుడు వేరే ఉద్యోగి చదివి చెప్పాడు: ఇక్కడి ఫసలీ జులైలో కాదు, అక్టోబరులో అజూర్ నెలతో మొదలవుతుందని. అంటే 1941 ఆగస్టు ఇంకా 1350లోనే ఉంది. కాగితం పక్క బస్తాలో, నా మోకాలి ఎత్తున, రెండేళ్లుగా అక్కడే ఉంది. ఉత్తరం రాస్తే కొడుకు వచ్చాడు. నకలు తీసుకుని, "కేసు రాజీ అయిపోయిందమ్మా, అరెకరం వదులుకున్నాం" అన్నాడు. తిట్టనైనా లేదు. ఆ రోజు నుంచి ఎవరైనా గట్టిగా "లేదు" అంటే నాకు కడుపులో ఏదోలా ఉంటుంది.

అందుకే చెబుతున్నాను. నీ కచేరీలో మొదట ఎలా రాసి ఉందో అది అలాగే ఉండాలి. మన లెక్క పక్కన రావాలి, ఎవరు, ఏ లెక్కతో మార్చారో సహా. నీ ఫైలు పదకొండో పేజీలో "ఇలాంటి కాలం లేదు" అని మెసేజ్ పెట్టావు. దాన్ని తీసెయ్యరా నాన్నా. "1351 బస్తాలో దొరకలేదు" అని రాయి. ఆడేవాడు 1350 కూడా చూస్తాడు.

నా లెక్కల నోటుపుస్తకం కొరియర్ చేస్తున్నాను. మొదటి మూడు పేజీలూ తప్పు, కొట్టేశాను గానీ చింపలేదు. అదే డబ్బాలో గోంగూర పచ్చడి ఉంది. పుస్తకం ముందు బయటికి తియ్యి, నూనె కారినా కారుతుంది.

పెద్దమ్మ