బోరు నీళ్లా, బట్టతలా?

ప్రశ్న: వయసు 27. బెంగళూరు మారతహళ్లిలో పీజీలో ఉంటున్నాను. రెండేళ్లుగా నుదుటికి రెండు పక్కలా, మాడు మీదా జుట్టు పలచబడుతోంది. బోరు నీళ్ల వల్లే అంటున్నారందరూ. ఆఫీసు వీడియో కాల్స్‌లో కెమెరా ఆపేస్తున్నాను. ఇంట్లోవాళ్లు సంబంధాలకు నా పాత ఫొటోలు పంపుతున్నారు. షవర్ ఫిల్టర్ పెట్టించనా, ట్రాన్స్‌ప్లాంట్ చేయించుకోనా?
– ఓ పాఠకుడు

జవాబు: బోరు, ట్యాంకరు నీళ్లలోని కాల్షియం, మెగ్నీషియం జుట్టును గరుకు చేస్తాయి, వెంట్రుక మధ్యలో తెగొచ్చు కూడా. కుదుళ్ల జోలికి మాత్రం పోవు. దువ్వెనలో చిక్కిన వెంట్రుక చివర తెల్లటి చిన్న బుడిపె ఉంటే కుదురు నుంచి ఊడినట్టు, లేకపోతే తెగినట్టు. మామూలు షవర్ ఫిల్టర్ నీటి కాఠిన్యాన్ని పెద్దగా తగ్గించదు, ఆ డబ్బు దాచుకోండి.

మీరు చెప్పిన తీరు వంశపారంపర్యంగా వచ్చే బట్టతలది. డీహెచ్‌టీ అనే హార్మోను వల్ల కుదుళ్లు చిక్కిపోయి వెంట్రుక ఏటికేడు సన్నబడుతుంది. డెంగీ, టైఫాయిడ్ తగ్గిన రెండు మూడు నెలలకు తలంతా ఊడటం వేరు, అది చాలామందిలో దానంతటదే సర్దుకుంటుంది. చర్మవైద్యుడికి చూపించి ఏదో తేల్చుకోండి.

బట్టతలే అయితే సాధారణంగా తలకు రాసే 5 శాతం మినాక్సిడిల్ మందుతో మొదలుపెడతారు. పూటకు 1 మి.లీ., రోజుకు రెండు పూటలు. తల పొడిగా ఉన్నప్పుడు పాయలు విడదీసి చర్మానికి రాయాలి, జుట్టుకు పట్టిస్తే వృథా. నాలుగు గంటలు తల తడపొద్దు. గుండె జబ్బు ఉంటే ముందే డాక్టరుకు చెప్పండి. మొదటి రెండు నెలల్లో రాలడం పెరగొచ్చు. కొత్త వెంట్రుకలకు చోటిస్తూ పాతవి ఊడిపోతాయి. మందు పడలేదనుకుని చాలామంది సరిగ్గా అప్పుడే మానేస్తారు! ఫలితం కనబడేది నాలుగు నుంచి ఆరు నెలలకు. తర్వాత మానేసినా, వచ్చిన జుట్టు కొన్ని నెలల్లో పోతుంది. డీహెచ్‌టీని తగ్గించే ఫినాస్టెరైడ్ 1 మి.గ్రా. మాత్ర డాక్టరు రాస్తేనే వాడాలి. కొద్దిమందిలో లైంగిక ఆసక్తి తగ్గుతుంది, మనసు దిగులుగా ఉంటుంది.

ట్రాన్స్‌ప్లాంట్ ఇప్పుడే వద్దు. రాలడం అదుపులోకి రాకముందే నుదుటి పైన నాటిస్తే, దాని వెనక జుట్టు ఊడుతూపోయి నాటినది దీవిలా మిగిలిపోతుంది. తల వెనక నుంచి తీయగలిగే కుదుళ్లు కొన్నే, తీసినచోట మళ్లీ మొలవవు.

పొడుగ్గా పెంచి అడ్డంగా దువ్వితే ఖాళీ ఇంకా తెలుస్తుంది. పక్కలు బాగా కురచగా కత్తిరించుకోండి. సంబంధాలకు ఈ నెల తీసిన ఫొటోనే పంపమని ఇంట్లో చెప్పండి. పాత ఫొటో వెళ్తే, పెళ్లిచూపులయ్యేదాకా మీ చెయ్యి నుదుటి మీదే ఉంటుంది. కెమెరాను మొదట రోజుకు ఒక్క మీటింగ్‌లో ఆన్ చేయండి. అద్దం ముందు గంటలు గడుస్తున్నా, నలుగురిలోకి వెళ్లడం మానేస్తున్నా ప్రభుత్వ మానసిక ఆరోగ్య హెల్ప్‌లైన్ టెలిమానస్‌కు, 14416కు, ఫోన్ చేయండి. ఉచితం, తెలుగులోనే మాట్లాడొచ్చు.