మెట్ట తాబేలుకు ఏం పెట్టాలి: చిట్టిని పెంచుతూ నేర్చుకున్నవి

మీ సల్కాటా తాబేలుకు (ఆఫ్రికాకు చెందిన మెట్ట తాబేలు జాతి) రెండేళ్లు నిండాయని, కీరా, లెట్యూస్ తప్ప ఏది పెట్టినా ముఖం తిప్పేసుకుంటోందని, డిప్ప మీద గుబ్బలు లేస్తున్నాయని రాశారు. బలానికి పాలకూర, అరటిపండు మొదలుపెట్టాలా అని అడిగారు. దయచేసి రెండూ వద్దు. సరిగ్గా ఆ రెండూ పెట్టి నేను మా చిట్టి ప్రాణం మీదికి తెచ్చాను. అందుకే ఇంత గట్టిగా చెబుతున్నాను.

చిట్టి కూడా సల్కాటానే. ఇంటికి వచ్చినప్పుడు అరచేతిలో పట్టేంత ఉండేది. రోజూ పాలకూర, కీరా, టమాటా పెట్టేదాన్ని. వారంలో మూడు నాలుగు సార్లు అరటిపండో పుచ్చకాయో ఉండేది. పుచ్చకాయ ముక్క కనిపిస్తే చాలు, మెడ సాచి గబగబా వచ్చేసేది. మూతి చుట్టూ కారిన ఎర్రటి రసాన్ని తుడుస్తూ, ఎంత ఇష్టంగా తింటోందో అని మురిసిపోయేదాన్ని. ఎనిమిది నెలలు అలాగే గడిచాయి.

ఒకరోజు తింటుంటే దగ్గరగా చూశాను. ఆకు కొరికినప్పుడల్లా కింది దవడ కొద్దిగా వంగుతోంది. నడిచేటప్పుడు వెనక కాళ్ల మీద ఒళ్లు లేపలేక, పొట్టను నేలకు ఈడుస్తోంది. డిప్ప అంచును బొటనవేలితో మెల్లగా నొక్కితే తడిసిన అట్టముక్కలా లోపలికి పోయింది. ఆ రాత్రి నాకు నిద్ర లేదు. మొదట చూపించిన చోట కుక్కలనూ పిల్లులనూ ఎక్కువగా చూస్తారు. విటమిన్ చుక్కలు రాసి పంపేశారు. దాంతో ఇంకో రెండు వారాలు పోయాయి. తర్వాత సరీసృపాలకు వైద్యం చేసే డాక్టర్ దగ్గరికి వెళ్తే, ఎక్స్‌రే తీసి, కాల్షియం అందక ఎముకలు మెత్తబడ్డాయని చెప్పారు. మెటబాలిక్ బోన్ డిసీజ్ అంటారు దాన్ని. ఆయన అడిగినవి రెండే ప్రశ్నలు. ఏం పెడుతున్నారు? ఎండ ఎంతసేపు తగులుతోంది?

పాలకూరలో కాల్షియం ఉన్న మాట నిజమే. కానీ దానితో పాటు ఉండే ఆక్సలేట్లు అనే పదార్థాలు ఆ కాల్షియంను పట్టేసుకుంటాయి, ఒంటికి పట్టనివ్వవు. బీట్‌రూట్ ఆకులు, తోటకూరతోనూ ఇదే ఇబ్బంది. ఎప్పుడో ఒక ఆకు తింటే ఏమీ కాదు, రోజూ అదే తిండి కాకూడదు. ఇక అరటిపండు, టమాటా, కీరాల్లో కాల్షియం కంటే ఫాస్ఫరస్ ఎక్కువ. తాబేలు తిండిలో ఫాస్ఫరస్ ఒక పాలు ఉంటే కాల్షియం కనీసం రెండు పాళ్లు ఉండాలి, అంతకన్నా ఎక్కువున్నా మంచిదే. లెక్క తిరగబడితే ఒళ్లు తన ఎముకల్లోంచే కాల్షియం లాక్కుంటుంది. మా చిట్టికి జరిగింది అదే.

పండ్ల సంగతి వేరుగా చెప్పాలి. సల్కాటా పుట్టిల్లు సహారా ఎడారికి దక్షిణపు అంచున ఉండే సాహెల్. అక్కడ దొరికేది గడ్డి, అదీ ఏడాదిలో ఎక్కువ రోజులు ఎండుగడ్డి. ఆ పీచును పెద్దపేగులో ఉండే సూక్ష్మజీవులు మెల్లగా పులియబెట్టి తాబేలుకు శక్తిగా మారుస్తాయి. అక్కడికి పండ్ల చక్కెర చేరితే ఆ వ్యవస్థ అంతా చెదిరిపోతుంది. విరేచనాలు పట్టుకుంటాయి, పేగుల్లో పరాన్నజీవులు పెరిగిపోతాయి. చిట్టికి మలం ఎప్పుడూ పల్చగా ఉంటే తాబేళ్లకు అంతేనేమో అనుకున్నాను. గడ్డి మొదలుపెట్టాకే తెలిసింది, అది గట్టిగా, పీచు పీచుగా, దాదాపు వాసన లేకుండా ఉండాలని.

ఇప్పుడు మా చిట్టి తిండిలో ముప్పాతిక వంతు పైన గడ్డే. గరిక, పచ్చగడ్డి, ఎండుగడ్డి. మిగతా భాగం మందార ఆకులు, పూలు, మల్బరీ ఆకులు, ద్రాక్ష ఆకులు, ముళ్లు తీసేసిన నాగజెముడు మట్టలు. నాగజెముడులో కాల్షియం బాగా ఉంటుంది, పీచూ నీరూ కూడా ఉంటాయి. మందులు కొట్టిన చోట కోసిన గడ్డి, పూలు మాత్రం తేవద్దు. పూల దుకాణంలో కొన్నవి అసలు వద్దు. క్యాబేజీ, బ్రకోలీ లాంటివి ఎప్పుడైనా ఒక ముక్క పర్వాలేదు. కుక్కలకు, పిల్లులకు పెట్టే గుళికలు, అన్నం, రొట్టె, పాలు ఒక్కసారి కూడా పెట్టకండి. మాంసం నుంచి వచ్చే ప్రొటీన్ ఈ జాతి మూత్రపిండాలకు బరువైపోతుంది. గడ్డి మేసే తాబేళ్ల కోసమే చేసిన గుళికలుంటే నానబెట్టి అప్పుడప్పుడు కలపవచ్చు. తోటలో తిరగనిస్తుంటే గన్నేరు, ఉమ్మెత్త, డిఫెన్‌బేకియా (కుండీల్లో పెంచే అలంకరణ మొక్క), టమాటా, బంగాళాదుంప మొక్కల ఆకులు నోటికి అందకుండా చూడండి. అవకాడో, ఉల్లిపాయ కూడా వద్దు.

ఇదంతా సల్కాటా లెక్క. లెపర్డ్ తాబేలుకూ ఇంచుమించు ఇదే. గ్రీక్, హెర్మన్, రష్యన్ తాబేళ్లకు గడ్డి కంటే వెడల్పాటి ఆకుల కలుపు మొక్కలు ముఖ్యం. రెడ్‌ఫుట్ అడవి జాతి, దానికి కొంత పండు, కొద్దిగా మాంసాహారం కూడా అవసరం. అందుకే తాబేలు జాతి చెప్పకుండా ఎవరైనా తిండి చెబితే పాటించకండి.

మీకు అసలు తలనొప్పి అలవాటు మాన్పించడమే కదా. చిట్టికి కీరా మాన్పించడానికి నాకు ఐదు వారాలు పట్టింది. ఎండుగడ్డిని కత్తెరతో సెంటీమీటరు ముక్కలుగా కత్తిరించి, గోరువెచ్చని నీళ్లలో నానబెట్టి మెత్తబరిచాను. కీరాను సన్నగా తురిమి దానికి పట్టించాను. మొదట్లో తొమ్మిది వంతులు పాత తిండి, ఒక వంతు గడ్డి. మూడు నాలుగు రోజులకోసారి గడ్డి కొంచెం పెంచుతూ పోయాను. ముక్కలు పెద్దవైతే తనకు నచ్చినవి ఏరుకుని తినేస్తుంది, కాబట్టి అంతా కలిసిపోయేలా తరగాలి. మూడో వారంలో రెండు రోజులు గిన్నె వైపు కన్నెత్తి చూడలేదు. నాకు టెన్షన్‌తో చేతులు ఆడలేదు, ఫ్రిజ్ తెరిచి కీరా చేతిలోకి తీసుకున్నాను కూడా. మళ్లీ లోపల పెట్టేశాను. మూడో రోజు పొద్దున ఎరుపు కనపడితే వస్తుందేమోనని ఒక మందార పువ్వు పైన పెట్టాను. వచ్చింది, పువ్వు తిన్నది, కింద ఉన్న గడ్డిలోనూ మూతి పెట్టింది. పరపరమని గడ్డి కొరికిన ఆ చప్పుడు నాకు ఇంకా గుర్తు. అయితే ఈ పట్టుదల ఆరోగ్యంగా, బరువు నిలకడగా ఉన్న తాబేలు దగ్గరే. మరీ పిల్ల అయినా, నీరసంగా ఉన్నా తిండి ఆపి చూడకండి. వారానికోసారి తూకం వేసి రాసుకోండి, తగ్గుతుంటే డాక్టర్ దగ్గరికి వెళ్లండి.

తిండి మాత్రమే మారిస్తే చిట్టి కోలుకునేది కాదు. అతినీలలోహిత కిరణాల్లో యూవీబీ అనే భాగం చర్మం మీద పడితేనే విటమిన్ డి3 తయారవుతుంది, అది ఉంటేనే పేగులు కాల్షియంను తీసుకుంటాయి. నేను చిట్టి పెట్టెను కిటికీ పక్కన ఉంచి, రోజూ ఎండ పడుతోందిగా అని నిశ్చింతగా ఉన్నాను. కిటికీ అద్దం యూవీబీని ఆపేస్తుందని అప్పటిదాకా నాకు తెలియదు. నేరుగా పడే ఎండ అన్నిటికంటే మేలు, అయితే పక్కనే నీడ ఉండాలి. లేకపోతే యూవీబీ బల్బు పెట్టాలి. బల్బు వెలుగుతున్నా లోపల యూవీబీ తగ్గిపోతూ ఉంటుంది, కాబట్టి రకాన్ని బట్టి ఆరు నెలల నుంచి ఏడాదికోసారి మార్చాలి. వెచ్చదనమూ కావాలి. ఎండ కాచుకునే చోట 35 డిగ్రీల దగ్గర ఉండాలి, చల్లబడితే అరుగుదల ఆగిపోతుంది.

కాల్షియం కోసం ఫాస్ఫరస్ కలవని కాల్షియం కార్బొనేట్ పొడిని వారంలో రెండు మూడు సార్లు చిటికెడు చల్లుతాను. ఎండ బాగా తగిలే తాబేలుకు డి3 కలిపిన పొడి అక్కర్లేదు, డి3 ఎక్కువైనా హానే. పక్షులకు పెట్టే కటిల్‌బోన్ (కటిల్‌ఫిష్ అనే సముద్రజీవి ఒంట్లో ఉండే తెల్లటి పెంకు) వెనక గట్టి పొర తీసేసి గిన్నె పక్కన పడేస్తే, కావాలనిపించినప్పుడు అదే వచ్చి కొరుక్కుంటుంది. తిండిని ఇసుక మీద కాకుండా బల్లపరుపు రాతి మీద పెట్టండి. ఇసుక కడుపులోకి పోదు, రాతికి రాసుకుని ముక్కులాంటి మూతి అంచు కూడా అరిగి పెరిగిపోకుండా ఉంటుంది.

నీళ్ల విషయం చాలామంది తేలిగ్గా తీసుకుంటారు. చిన్నప్పుడు చిట్టిని రోజూ ఇరవై నిమిషాలు గోరువెచ్చని నీళ్లలో, గడ్డం మునగనంత లోతులో కూర్చోబెట్టేదాన్ని. అందులోనే తాగుతుంది, అందులోనే విసర్జిస్తుంది. మూత్రంతో వచ్చే తెల్లటి పదార్థం టూత్‌పేస్ట్‌లా మెత్తగా ఉంటే పర్వాలేదు. వేళ్ల మధ్య ఇసుకలా గరుగ్గా తగిలితే నీళ్లు చాలడం లేదని అర్థం, అలాగే వదిలేస్తే మూత్రాశయంలో రాళ్లు కడతాయి.

డిప్ప మీద గుబ్బలకు ప్రొటీన్ ఎక్కువవడమే కారణమని చాలామంది చెబుతారు, నాకూ చెప్పారు. కానీ సల్కాటా పిల్లల మీదే చేసి 2003లో వెలువరించిన ఒక అధ్యయనంలో, ప్రొటీన్ కంటే గాలిలో తేమ తక్కువవడమే ఎక్కువ ప్రభావం చూపిందని తేలింది. ఎడారి అంచు జాతి అయినా వేడిని తప్పించుకోవడానికి అవి చల్లటి, తేమగల బొరియల్లో గడుపుతాయి. కాబట్టి మీ తాబేలు దాక్కునే చోట మట్టిని కాస్త తడిగా, వెచ్చగా ఉంచండి. వచ్చిన గుబ్బలు మాత్రం పోవు. చిట్టికి ఇప్పుడు ఆరేళ్లు. డిప్ప నడిమి పలకల మీద ఆ మొదటి ఏడాది గుబ్బలు అలాగే ఉన్నాయి, వాటి చుట్టూ తర్వాత పెరిగిన వలయాలు నునుపుగా ఉన్నాయి.

ఇవన్నీ మొదలుపెట్టే ముందు, ఈ రోజు అది తినేటప్పుడు ఒక్కసారి పక్కన కూర్చుని చూడండి. దవడ వంగుతోందా, డిప్ప అంచు నొక్కితే లోపలికి పోతోందా, పొట్ట నేలకు ఈడుస్తోందా. రెండేళ్ల తాబేలుకు డిప్ప గట్టిగా ఉండాలి. వీటిలో ఏ ఒక్కటి కనిపించినా, తిండి మార్పు ఫలితం చూద్దామని ఆగకుండా సరీసృపాలు తెలిసిన డాక్టర్ దగ్గరికి తీసుకెళ్లి ఎక్స్‌రే తీయించండి.