యాభై ఏళ్లకు లండన్ చేరిన నటి

ప్రశ్న: ఎన్నో ఏళ్లుగా పరిషత్తు నాటికల్లో తల్లి వేషాలు వేస్తున్నాను. ఇప్పుడు హైదరాబాద్‌లో టీవీ సీరియల్స్‌కు పిలుస్తున్నారు గానీ, ఉండేది రెండు మూడు డైలాగులే. వయసు యాభై దాటింది. జోహ్రా సెహగల్ ఈ వయసులోనే లండన్ వెళ్లి టీవీలో పేరు తెచ్చుకుందని మా మేనల్లుడు అంటాడు. నిజమేనా? నాటికలు మానేసి సీరియల్స్‌కే పోవాలా?
– ఒక నటి, కందుకూరు

జవాబు: నిజమేనమ్మా. కానీ ఆ పేరు రావడానికి ఇరవై ఏళ్లకు పైనే పట్టింది. 1912లో పుట్టిన మనిషి 1962లో లండన్ చేరింది. అప్పటికే ఉదయ్ శంకర్ బృందంతో దేశదేశాల్లో నాట్యం చేసింది, బొంబాయి పృథ్వీ థియేటర్స్‌లో ఏళ్ల తరబడి నాటకాలాడింది. అంతటావిడకు బీబీసీ వాళ్లు ఇచ్చిందేంది? 1964లో ‘డాక్టర్ హూ’ అనే సైన్స్ ఫిక్షన్ సీరియల్లోని మార్కో పోలో కథలో పరిచారిక వేషం! అదే కథలో మంగోల్ చక్రవర్తి కుబ్లాయ్ ఖాన్‌గా వేసింది తెల్ల నటుడు. ఆసియా వాళ్ల పాత్రలు కూడా తెల్లవాళ్లే కట్టే రోజులవి. ఆ కథ ఏడు భాగాల టేపులూ తర్వాత చెరిపేశారు. ఆడియో మిగిలింది కాబట్టి మాటలు వినబడతాయి గానీ, ఆమె నటన చూద్దామంటే ఈరోజు దొరకదు. తలుచుకుంటే నాకు కడుపు తరుక్కుపోతుంది.

మరుసటి ఏడు అదే సీరియల్లో ఇంకో చిన్న వేషం. తర్వాతా అక్కడొకటి ఇక్కడొకటి. 1984లో గ్రనడా టెలివిజన్ తీసిన ‘ది జ్యువెల్ ఇన్ ది క్రౌన్’ సీరియల్ 14 భాగాలుగా ప్రసారమైంది. అందులో లేడీ చటర్జీ ఆమే. డబ్బూ హోదా ఉన్న పెద్దింటి వితంతువు, ఒక ఇంగ్లీషు పిల్లను తన ఇంట్లో పెట్టుకున్న మనిషి. అది ప్రసారమయ్యేనాటికి జోహ్రాకు 71 ఏళ్లు. వీలైతే చూడండమ్మా. నిటారుగా ఉన్న ఆ వెన్ను, మాట తర్వాత మాట వదిలే తీరు, అన్నీ స్టేజీ మీద సంపాదించుకున్నవే. ఆ తర్వాత చానల్ 4లో ‘తందూరీ నైట్స్’ చేసింది. 2007లో హిందీ సినిమా ‘చీనీ కమ్’లో అమితాబ్ తల్లిగా వేసింది, 95 ఏళ్ల వయసులో.

నెల్లూరు టౌన్ హాల్లో నాటకాలు చూస్తా పెరిగినవాణ్ణి నేను. మా జిల్లా రమణారెడ్డి హీరో కాకపోయినా, ఆయన నిలబడే తీరు జనం ఇంకా మరిచిపోలేదు. అందుకే రెండు డైలాగుల వేషాన్ని తక్కువ చేయొద్దంటాను. ఆ మనిషి ఏ పని మధ్యలో లేచి వచ్చిందో, ఎవరి మీద కోపంతో ఉందో మీరే అనుకుని కెమెరా ముందుకు వెళ్లండి.

నాటికలు మాత్రం మానొద్దు. సీరియల్లో మీకిచ్చే పనితో గొంతుకు గానీ ఒంటికి గానీ కసరత్తు ఉండదు, అది రిహార్సల్స్‌లోనే దొరుకుతుంది. పరిషత్తు తేదీలు ముందే మేనేజరుకు చెప్పి, ఆ రోజులు వదిలేసి కాల్షీటు ఇవ్వండి.