గేలిక్ ఫుట్‌బాల్‌లో ఫార్వర్డ్‌గా ఆడే పదిహేనేళ్ళ కుర్రాడికి ముందున్న నాలుగైదేళ్ళు ఎలా ఉంటాయి?

మీరు అడిగింది ఇదీ: అబ్బాయికి పదిహేనేళ్ళు, డబ్లిన్ శివారు క్లబ్బులో కార్నర్ ఫార్వర్డ్ (గోలుకి ఓ పక్కన ఆడే ఫార్వర్డ్), కౌంటీ డెవలప్‌మెంట్ స్క్వాడ్ (జిల్లా కుర్రాళ్ళ శిక్షణ జట్టు) ట్రయల్స్‌కి పిలుపొచ్చింది. కెర్రీ కౌంటీ మేటి ఫార్వర్డ్ డేవిడ్ క్లిఫర్డ్ అంతటివాడు అవుతాడా, ఇప్పుడేం చెయ్యాలి, చదువు సంగతేంటి?

తెలియనివాళ్ళకి ఒక్క మాట: గేలిక్ ఫుట్‌బాల్ అంటే బంతిని చేత్తో పట్టుకుని పరిగెత్తే, చేతిలోంచి వదిలి తన్నే ఐర్లండ్ ఆట. బంతి గోలు అడ్డకర్ర (బార్) కింద నుంచి పోతే గోల్, పైనుంచి పోతే పాయింట్. ముందు క్లిఫర్డ్ సంగతి చూద్దాం, ఎందుకంటే అందరూ ఆ పేరుతోనే మొదలుపెడతారు. 1999 జనవరిలో పుట్టాడు. కెర్రీలో ఫోసా అనే చిన్న క్లబ్బు. కిల్లార్నీలోని సెయింట్ బ్రెండన్స్ బడి 2016లో హోగన్ కప్ (ఐర్లండ్ బడుల పోటీ) గెలిచినప్పుడు ఆ జట్టులో ఉన్నాడు. అదే ఏడాది కెర్రీ మైనర్ (కుర్రాళ్ళ) జట్టుతో ఆల్ ఐర్లండ్, అంటే దేశమంతటి కౌంటీల పోటీ, గెలిచాడు. 2017లో కెప్టెన్‌గా, డెర్రీ మీద ఫైనల్లో 4 గోల్స్, 4 పాయింట్లు కొట్టాడు. 2018లో సీనియర్ జట్టులోకి వచ్చి ఆ ఏడాదే ఆల్ స్టార్ (ఏడాది ఉత్తమ జట్టుకి ఎంపిక), ఉత్తమ యువ ఆటగాడు అయ్యాడు. సీనియర్ కప్పు చేతికి రావడానికి మాత్రం 2022 దాకా పట్టింది.

ఈ కథలో జనం చూడని భాగం ఒకటుంది. కెర్రీ మైనర్ జట్టు 2014 నుంచి 2018 దాకా వరుసగా అయిదేళ్ళు ఆల్ ఐర్లండ్ గెలిచింది. అంటే డజన్ల కొద్దీ కుర్రాళ్ళకి మైనర్ పతకాలున్నాయి. సీనియర్‌లో స్థిరపడ్డవాళ్ళు వాళ్ళలో కొందరే. పైగా 2017 దాకా మైనర్ అంటే 18 ఏళ్ళ లోపు. 2018 నుంచి కౌంటీ మైనర్ 17 ఏళ్ళ లోపు, ఆ పైన 20 ఏళ్ళ లోపు జట్టు. కాబట్టి మైనర్ ఆడిన కుర్రాడికి సీనియర్ దాకా ఇప్పుడు దూరం ఇంకా ఎక్కువ. మైనర్‌లో మెరిసినవాడు మూడేళ్ళు కనబడకుండా పోవడం మామూలే.

ఇంకో సంగతి, పుట్టిన తేదీ. వయసు లెక్క జనవరి 1 నుంచి మొదలవుతుంది. జనవరిలో పుట్టినవాడికీ డిసెంబర్‌లో పుట్టినవాడికీ ఒకే జట్టులో దాదాపు ఏడాది తేడా. పద్నాలుగు, పదిహేనేళ్ళప్పుడు ఆ తేడా ఒళ్ళు మీద తెలిసిపోతుంది. క్లిఫర్డ్‌కి కాలివాటం, చూపు అసాధారణం, తేదీ వల్ల గొప్పవాడు కాలేదు. కానీ ట్రయల్స్‌లో ఎత్తుగా, బలంగా ఉన్నవాడే ముందు కంటబడతాడు. మీవాడు ఏడాది చివర్లో పుట్టి, ఇంకా పొడవు సాగకపోతే ఈసారి ఎంపిక కాకపోవడాన్ని తీర్పుగా తీసుకోకండి. ఎత్తుగా ఉన్నవాళ్ళ తల్లిదండ్రులకి చెప్పేది దీనికి రివర్స్: ఇప్పుడు ఒళ్ళు బలంతో కొట్టే గోల్స్ పద్దెనిమిదేళ్ళకి రావు, ఎందుకంటే అప్పటికి ఎదుటివాడూ పెరిగి ఉంటాడు.

ఇక ఏం నేర్చుకోవాలి? నా లెక్కలో ఫార్వర్డ్‌కి రెండే రెండు: తన్నడం, కదలడం. మిగతావి జట్టు ప్రాక్టీస్‌లో ఎలాగూ వస్తాయి.

తన్నడంలో తప్పు ఎక్కువగా కాలిది కాదు, చేతిది. బంతిని రెండు చేతులతో ఛాతీ ఎత్తు నుంచి విసిరినట్టు వదులుతారు. అది కాలి దగ్గరికి వచ్చేలోపు గాలికీ పరుగుకీ పక్కకి జరిగిపోతుంది. కుడికాలితో తన్నేటప్పుడు కుడి చేత్తో, నడుము ఎత్తు నుంచి, దాదాపు కాలి మీద పెట్టినట్టుగా వదలాలి. వేళ్ళు కిందికి చాచి, చీలమండ బిగించి, ఒళ్ళు వెనక్కి వాలకుండా. బంతి తగిలేదాకా తల ఎత్తకూడదు. షాట్ బార్ దాకా అందకపోతే పిల్లలు ఇంకా బలంగా తన్నబోతారు, అప్పుడు వెనక్కి వాలతారు, బంతి పైకి లేచి ముందే పడిపోతుంది. బలం పెంచమనకండి, వదిలే ఎత్తు తగ్గించమనండి.

వారానికి మూడుసార్లు, ఒక్కోసారి అరగంట చాలు. పది బంతులు, లేకపోతే మూడు బంతులూ తెచ్చిపెట్టే తమ్ముడూ. గోలుకి ఎదురుగా 20 మీటర్లు, తర్వాత రెండు పక్కల నుంచీ ఏటవాలుగా 25 నుంచి 30 మీటర్లు. ప్రతి చోటా పది కుడికాలితో, పది ఎడమకాలితో. మొత్తం అరవై కిక్కులు. మొదటి వారం నిలబడి, ఆ తర్వాత పరుగు మీద, సోలో (బంతిని కాలి మీదికి వదిలి మళ్ళీ చేతిలోకి తన్నుకోవడం) చేస్తూ వచ్చి. పదికి ఎన్ని బార్ పైనుంచి పోయాయో నోట్‌బుక్‌లో రాయించండి. ఎదురుగా 20 మీటర్ల నుంచి వాటం కాలితో ఎనిమిది, రెండో కాలితో ఆరు వచ్చాక దూరం పెంచండి. నాలుగు వారాల అంకెలు చూస్తే కోచ్ చెప్పకుండానే లోపం ఎక్కడో తెలుస్తుంది.

కోణాల్లో మర్మం ఒకటుంది. కుడికాలి లోపలి అంచుతో తన్నితే బంతి ఎడమకి వంగుతుంది. అందుకే గోలుకి ఎదురుగా నిలబడి చూసినప్పుడు కుడివాటం వాళ్ళకి మైదానం ఎడమ పక్కా, ఎడమవాటం వాళ్ళకి కుడి పక్కా సులువు. తప్పు పక్కన చిక్కితే బూటు బయటి అంచుతో తన్నడమో, రెండో కాలు వాడడమో చెయ్యాలి. క్లిఫర్డ్‌ది ఎడమ కాలివాటం, కానీ కుడికాలితోనూ స్కోర్ చేస్తాడు కాబట్టి డిఫెండర్ అతన్ని ఒక పక్కకి తోసి నిశ్చింతగా ఉండలేడు. రెండో కాలు లేని ఫార్వర్డ్‌ని పదహారేళ్ళు దాటిన డిఫెండర్ రెండు నిమిషాల్లో పసిగడతాడు.

కదలడానికొస్తే, కుర్రాళ్ళు గోలు ముందు ఫుల్‌బ్యాక్ పక్కనే నిలబడి చెయ్యెత్తి అరుస్తారు. పాస్ ఇచ్చేవాడు తల ఎత్తకముందే పరుగు తీస్తారు, అతను చూసేసరికి ఆగిపోయి ఉంటారు. చెయ్యాల్సింది: మూలకి రెండు మూడు అడుగులు వేసి డిఫెండర్‌ని లాగాలి, పాసిచ్చేవాడి తల లేచిన క్షణాన దిశ మార్చి బంతికి ఎదురెళ్ళాలి. బంతి ఆగి చేతికొచ్చేదాకా చూడకూడదు, ఛాతీకి ముందే అందుకోవాలి. అందుకున్నాక నాలుగు అడుగులే, ఆపైన బౌన్స్ గానీ సోలో గానీ. వరుసగా రెండు బౌన్సులు కుదరవు. సోలో ఎప్పుడూ డిఫెండర్‌కి దూరంగా ఉన్న కాలితో. ట్రయల్స్‌లో మంచి కుర్రాళ్ళు కూడా పోగొట్టుకునేది ఇక్కడే: బంతి దొరికిందన్న ఆనందంలో ముగ్గురి మధ్యకి దూరి, అయిదో అడుగు వేసి ఎదుటి జట్టుకి ఫ్రీ కిక్ ఇచ్చేస్తారు.

2025 రూల్స్‌తో ఫార్వర్డ్‌లకి కాలం కలిసొచ్చింది. ప్రతి జట్టూ కనీసం ముగ్గురిని ఎదుటి సగంలో ఉంచాలి కాబట్టి గోలు ముందు గుంపు తగ్గింది, పొడవు పాసులు మళ్ళీ వచ్చాయి. 40 మీటర్ల గీత బయటి నుంచి బార్ మీదుగా కొడితే రెండు పాయింట్లు. దీని మోజులో పదిహేనేళ్ళవాళ్ళు రోజూ 40 మీటర్ల నుంచి తన్నుతున్నారు. గజ్జల్లో నొప్పితో ఆరు వారాలు కూర్చునేది వీళ్ళే. మీవాడి వయసు పోటీల్లో ఏ రూల్ నడుస్తోందో కోచ్‌ని అడగండి, ఆ దూరం పదిహేడు దాటాక చూడొచ్చు.

అసలు ప్రమాదం ప్రాక్టీస్ తక్కువై కాదు, ఎక్కువై వస్తుంది. బాగా ఆడేవాడిని క్లబ్బులో తన వయసు జట్టూ, పై వయసు జట్టూ, బడీ, కౌంటీ స్క్వాడూ నాలుగూ పిలుస్తాయి. నలుగురు కోచ్‌లలో ఎవరికీ మిగతా ముగ్గురి టైమ్‌టేబుల్ తెలియదు. ఆ లెక్క అమ్మానాన్నలే పెట్టాలి. వయసు ఎన్నేళ్ళో వారానికి అన్ని గంటలకు మించి ఆట వద్దు, వారంలో ఒకరోజు పూర్తిగా సెలవు. మూడు నెలలకోసారి ఎత్తు గోడ మీద గీత గీయండి. ఎత్తు గబగబా పెరుగుతున్నప్పుడు మోకాలి చిప్ప కింద ఎముక దగ్గర నొప్పి వస్తే అది బద్ధకం కాదు, దూకుళ్ళూ కిక్కులూ తగ్గించి ఫిజియోకి చూపించాలి. ‘ఓర్చుకో’ అనడం మన ఇళ్ళలో అలవాటు, ఇక్కడ పనికిరాదు.

పెద్ద క్లబ్బుల్లో మరో చిక్కు. మొదటి జట్టు ‘ఏ’ టీములో బెంచీ మీద కూర్చోవడమా, రెండో జట్టు ‘బీ’ టీములో పూర్తి మ్యాచ్ ఆడడమా? నేనైతే బీ టీమే అంటాను. ఫార్వర్డ్‌కి కావలసింది మ్యాచ్‌లో కొట్టే షాట్ల సంఖ్య.

చదువు, డబ్బు: ఇది అమెచ్యూర్ ఆట, జీతం ఉండదు. క్లిఫర్డ్ కూడా బడిలో టీచర్ ఉద్యోగం చేస్తూనే ఆడుతున్నాడు. కాబట్టి లీవింగ్ సర్ట్ (బడి చివరి పరీక్ష) పక్కనపెట్టాల్సిన సందర్భం ఎప్పుడూ రాదు. చాలా యూనివర్సిటీలు గేలిక్ ఆటగాళ్ళకి స్కాలర్‌షిప్‌లు ఇస్తాయి, సిగర్సన్ కప్ అనే కాలేజీ పోటీ గట్టిది. పరీక్షల ఏడాది స్క్వాడ్ కోచ్‌తో సెప్టెంబర్‌లోనే మాట్లాడండి, మేలో కాదు.

ట్రయల్ రోజుకి: మౌత్‌గార్డ్ తప్పనిసరి, లేకపోతే మైదానంలోకి రానివ్వరు. వేడినీళ్ళలో మెత్తబరిచి పంటికి అమర్చేది వారం ముందే కొని అలవాటు చెయ్యండి, కొత్తది పెట్టుకుంటే ఊపిరి ఆడనట్టుంటుంది. రెండు జతల గ్లోవ్స్, వాన పడితే మార్చుకోవడానికి. గేలిక్ ఆటల సభ్యత్వాలు నడిపే ఫోరన్ యాప్‌లో ఈ ఏడాది సభ్యత్వం కట్టారో లేదో ఒకసారి తెరిచి చూడండి, అది లేకపోతే దెబ్బ తగిలినప్పుడు ఇంజురీ ఫండ్ వర్తించదు. తినడం రెండున్నర గంటల ముందు. పెరుగన్నమే అయినా ఫర్వాలేదు, పులిహోర మాత్రం ఆట అయ్యాకే.